ఎక్కడా లోకల్ కాని పిల్లలు

తేంగాయితిట్టు చేపల రేవు దగ్గర్నుంచి కడలూరు రోడ్డు పట్టుకుని దక్షిణానికి వెళ్తుంటే, పుదుచ్చేరి ఎక్కడ ఆగిందో తమిళనాడు ఎక్కడ మొదలైందో చెప్పడం కష్టం. ఫ్రెంచి పాలన వదిలి వెళ్లిన నేల అతుకులు అతుకులుగా ఉంటుంది. ఒక ఊరు కేంద్రపాలిత ప్రాంతానిది, దాన్ని ఆనుకున్న ఊరు తమిళనాడుది, ఆ తరవాతది మళ్లీ పుదుచ్చేరిది. పొరుగూరి బడికి సైకిలు మీద వెళ్లే పిల్ల కాగితాల లెక్కలో రాష్ట్రం దాటినట్టే. ఇదే ప్రభుత్వం కింద ఉన్న యానాం ఇక్కడికి దాదాపు 870 కిలోమీటర్ల దూరంలో, కాకినాడకు దగ్గర్లో, చుట్టూ ఆంధ్రప్రదేశ్ ఉండగా మధ్యలో ఉంది. అక్కడి ప్రభుత్వ బడుల్లో తెలుగు పిల్లలు ఇటీవలి దాకా ఆంధ్ర సిలబస్సు చదివారు. పుదుచ్చేరి, కారైక్కాల్ పిల్లలది తమిళనాడు సిలబస్సు, మాహే పిల్లలది కేరళ సిలబస్సు. ప్రభుత్వ బడులన్నీ సీబీఎస్ఈకి మారడం నిన్నమొన్నటి మాట. సొంత బోర్డు లేని ఈ ప్రాంతం, ఇక్కడి బోర్డు పరీక్ష పాసైనవారికే సీటని నియమం పెట్టుకుని ఉంటే యానాం పిల్లల పరీక్ష ఏ రాష్ట్రానిదో తేల్చడానికే ఒక కేసు నడిచేది. ఇక్కడ వృత్తివిద్య ప్రవేశాలు చూసే సెంటాక్ అందుకే నివాసానికి పెద్దపీట వేసింది. అయిదేళ్ల నిరంతర నివాసం దానికి ప్రాతిపదిక. దూరంగా పడిన ప్రాంతాలు నష్టపోకుండా కారైక్కాల్‌కు 18 శాతం, మాహేకు 4 శాతం, యానాంకు 3 శాతం సీట్లు పక్కన పెట్టారు.

పుదుచ్చేరి నివాసాన్ని చూస్తే తెలంగాణ చదివిన చోటును చూస్తుంది. తమిళనాడు ఆరో తరగతి నుంచి ప్లస్‌టూ దాకా అక్కడే చదివారా అని చూస్తుంది, బయట చదివిన తమ వాళ్లకైతే నేటివిటీ సర్టిఫికెట్టును ఒప్పుకుంటుంది. ఎవరి గీత వాళ్లు గీసుకున్నారు. ఆ గీతల నడుమ ఖాళీలో పడిపోయిన పిల్లల సంగతి చూడాల్సిన బాధ్యత మాత్రం ఎవరికీ లేకుండా పోయింది. స్థానికులకు సీట్లు కేటాయించడం తప్పని ఈ వ్యాసం అనదు. అడుగుతున్నది ఇంకో విషయం. ఈ దేశంలో చదువుకునే ప్రతి బిడ్డా ఎక్కడో ఒకచోట స్థానికుడు కావాలి. ఒకేచోట కావాలి. ఆ చోటు ఏదో ఆ బిడ్డ తొమ్మిదో తరగతిలో చేరేనాటికే ఇంట్లోవాళ్లకు తెలిసి ఉండాలి. అర్హత నియమాల మీద కోర్టులకెక్కిన వివాదాల్లో ఎక్కువ భాగం ఈ మూడింటిలో ఏదో ఒకటి లోపించడం వల్ల పుట్టినవే. అందుకు తెలంగాణ వైద్య సీట్ల కేసును మించిన ఉదాహరణ లేదు.

ఆ కేసు తేదీలను వరసగా పెట్టి చూడాలి. 2024 నీట్ పరీక్ష మే 5న జరిగింది. ఫలితాలు జూన్ 4న వచ్చాయి. తెలంగాణ ప్రభుత్వం వైద్య, దంతవైద్య కళాశాలల ప్రవేశ నియమాలను సవరిస్తూ జీవో 33 ఇచ్చింది జూలై 19న. పరీక్ష రాసి, మార్కులు చూసుకుని, ఏ కాలేజీలో సీటు వస్తుందో అంచనా వేసుకుంటున్న పిల్లలకు, అర్హత పరీక్షతో ముగిసే వరస నాలుగేళ్లూ తెలంగాణలోనే చదివి ఉండాలని, ఇంటర్ కూడా అక్కడే పాసై ఉండాలని అప్పుడు తెలిసింది. హైదరాబాద్‌లోనో ఖమ్మంలోనో పుట్టి, పదో తరగతి దాకా అక్కడే చదివి, ఇంటర్ రెండేళ్లకు విజయవాడ, గుంటూరు వైపు కార్పొరేట్ కాలేజీల్లో చేరినవాళ్లు ఒక్కరోజులో నాన్‌లోకల్ అయిపోయారు. వాళ్లు హైకోర్టుకు వెళ్లారు. 2024 సెప్టెంబర్ 5న ప్రధాన న్యాయమూర్తి జస్టిస్ అలోక్ అరాధే, జస్టిస్ జె.శ్రీనివాసరావుల ధర్మాసనం ఆ నియమాన్ని కొట్టెయ్యలేదు గాని, తెలంగాణలో శాశ్వత నివాసులైన వారికి దాన్ని వర్తింపజేయరాదని, ఎవరు శాశ్వత నివాసులో తేల్చే మార్గదర్శకాలు ప్రభుత్వం రూపొందించాలని చెప్పింది. ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్లింది. సెప్టెంబర్ 20న హైకోర్టు తీర్పుపై స్టే వచ్చింది. ఆ రోజే ప్రభుత్వం ఒక మాట ఇచ్చింది: హైకోర్టుకు వచ్చిన 135 మంది విద్యార్థులకు ఆ ఒక్కసారికి మినహాయింపు ఇస్తామని. దాదాపు ఏడాది తరవాత, 2025 సెప్టెంబర్ 1న, ప్రధాన న్యాయమూర్తి జస్టిస్ బి.ఆర్.గవాయ్, జస్టిస్ కె.వినోద్ చంద్రన్‌ల ధర్మాసనం హైకోర్టు తీర్పును పక్కనపెట్టి రాష్ట్ర నియమాన్ని సమర్థించింది.

రాష్ట్రానికి ఆ అధికారం ఎక్కడి నుంచి వచ్చిందో తెలుసుకోవాలంటే అర్ధశతాబ్దం వెనక్కి వెళ్లాలి. 1919 నాటి నిజాం ఫర్మానాతో మొదలైన, స్థానికులకే ఉద్యోగాలనే ముల్కీ నిబంధనలు చెల్లుతాయని 1972 అక్టోబర్ 3న సుప్రీంకోర్టు చెప్పగానే జై ఆంధ్ర ఉద్యమం రేగింది. రాష్ట్రపతి పాలన వచ్చింది. 1973 సెప్టెంబర్‌లో ఆరు సూత్రాల పథకం కుదిరింది. దానికి రాజ్యాంగ బలం ఇవ్వడానికి 32వ సవరణతో 371డి అధికరణం చేర్చారు. దాని కింద వచ్చిందే 1974 నాటి విద్యాసంస్థల ప్రవేశాల రాష్ట్రపతి ఉత్తర్వు. రాష్ట్రాన్ని ఆంధ్ర, ఉస్మానియా, శ్రీవేంకటేశ్వర విశ్వవిద్యాలయాల పరిధులుగా విడదీసి, 85 శాతం సీట్లు ఆయా ప్రాంతాల స్థానిక అభ్యర్థులకు ఇచ్చారు. స్థానికతకు కొలమానం చదువు: అర్హత పరీక్ష రాసిన ఏడాదితో ముగిసేలా వరసగా నాలుగేళ్లు ఆ ప్రాంతంలో చదివి ఉండటం. ఆ కాలంలో బడికే వెళ్లనివారికి నాలుగేళ్ల నివాసం చూశారు.

అంతవరకు అందరికీ తెలిసిన కథే. ఆ ఏర్పాటులో ఉన్న ఇంకో నిబంధన గురించి ఇంత వివాదంలోనూ చర్చ తక్కువ జరిగింది. నాలుగేళ్లూ ఒకే ప్రాంతంలో చదవకపోయినా, ఆఖరి ఏడేళ్లూ రాష్ట్రంలోనే చదివి ఉంటే, ఆ ఏడేళ్లలో ఎక్కువ కాలం ఏ ప్రాంతంలో చదివారో అక్కడ స్థానికులు. రెండుచోట్ల సమానంగా చదివితే చివర చదివిన చోటు. ఎంత ముందుచూపో చూడండి. తండ్రి బదిలీ అయినా, పిల్లను హాస్టల్లో వేసినా, ఏదో ఒక ప్రాంతం ఆ బిడ్డను తనదిగా ఒప్పుకోక తప్పదు. ఆరు, ఏడు, ఎనిమిది, తొమ్మిది, పది తరగతులు హైదరాబాద్‌లో, ఇంటర్ విజయవాడలో చదివిన విద్యార్థి ఆ లెక్కన ఉస్మానియా పరిధికి చెందుతాడు. ఆ ఉత్తర్వు రాసినవాళ్లు గీతలు గీయడంతో ఆగలేదు, గీతల నడుమ ఖాళీని కూడా పూడ్చారు.

రాష్ట్రం రెండైనప్పుడు ఆ పూడిక పోయింది. 2014 పునర్విభజన చట్టం 95వ సెక్షన్ పాత ప్రవేశాల పద్ధతిని పదేళ్లకు మించకుండా కొనసాగించింది. 2024 జూన్ 2తో గడువు తీరింది. ఆ తరవాత తెలంగాణ తన నియమం రాసుకుంది, ఆంధ్రప్రదేశ్ తనది చూసుకుంది. పైన చెప్పిన విద్యార్థిని మళ్లీ తలచుకోండి. చివరి నాలుగేళ్లలో రెండేళ్లు విజయవాడలో ఉన్నాడు గనక తెలంగాణలో లోకల్ కాడు. విజయవాడలో చదివింది రెండేళ్లే గనక ఆంధ్రప్రదేశ్‌లోనూ లోకల్ కాడు. పుట్టింది, పెరిగింది, అమ్మానాన్న ఓటు వేస్తున్నది ఒకే రాష్ట్రంలో; అయినా కన్వీనర్ కోటాలో అతన్ని తన స్థానికుడని అనే రాష్ట్రం దేశంలో లేదు. మిగిలినవి అఖిల భారత కోటా, మేనేజ్‌మెంట్ సీట్లు. రెండో దానికి ఫీజు కట్టగల ఇళ్లు ఎన్నో చెప్పనక్కర్లేదు.

కోర్టు ఒప్పుకున్నాక ఇంకా వాదమేమిటని అడగవచ్చు. న్యాయస్థానం తేల్చింది రాష్ట్రానికి ఆ గీత గీసే అధికారం ఉందా లేదా అన్నది. ఉంది. ఇందులో కొత్త లేదు. ఇందోర్ వైద్య కళాశాలలో బయటివారి నుంచి మాత్రమే క్యాపిటేషన్ ఫీజు వసూలు చేయడాన్ని 1955లో డి.పి.జోషి కేసులో సుప్రీంకోర్టు సమర్థించింది. 15వ అధికరణం నిషేధించింది పుట్టిన చోటును బట్టి చూపే వివక్షనే గాని నివాసాన్ని బట్టి చూపేదాన్ని కాదని మెజారిటీ అభిప్రాయం. జస్టిస్ జగన్నాథదాస్ విభేదించారు. 1984లో ప్రదీప్ జైన్ కేసులో ఎంబీబీఎస్ స్థాయిలో నివాస ప్రాతిపదిక రిజర్వేషన్లకు కోర్టు ఒక పరిమితి పెట్టింది. 371డి ఉన్న ఆంధ్రప్రదేశ్‌కు ఆ తీర్పు వర్తించదని అదే ఏడాది స్పష్టం చేసింది. పీజీ వైద్య సీట్ల దగ్గరకొచ్చేసరికి మాట మారింది. 2025 జనవరి 29న, చండీగఢ్ వైద్య కళాశాల కేసులో, జస్టిస్ హృషీకేశ్ రాయ్, జస్టిస్ సుధాంశు ధూలియా, మన మదనపల్లె వారైన జస్టిస్ ఎస్.వి.ఎన్.భట్టిల ధర్మాసనం, రాష్ట్ర కోటా పీజీ సీట్లలో నివాస ప్రాతిపదిక రిజర్వేషన్లు రాజ్యాంగానికి విరుద్ధమని తేల్చింది. దేశమంతటికీ ఒకే డొమిసైల్ అన్నది ఆ తీర్పుకు మూలం. అంటే న్యాయశాస్త్రం ఈ విషయంలో ఒక మెట్టు దగ్గర రాష్ట్రానికి స్వేచ్ఛనిచ్చి, పై మెట్టు దగ్గర ఆపింది. ఇచ్చిన స్వేచ్ఛను ఎలా వాడాలన్నది శాసనసభలు, మంత్రివర్గాలు చూసుకోవాల్సిన పని. చెల్లుబాటు అయ్యే నియమమంతా మంచి నియమం కాదు.

ఇక అసలైన అభ్యంతరం. దీన్ని తేలిగ్గా కొట్టిపారేయలేం. విజయవాడకో రాజస్థాన్‌లోని కోటాకో పిల్లల్ని పంపగలిగినవాళ్లు డబ్బున్నవాళ్లు. అచ్చంపేటలోనో ఆసిఫాబాద్‌లోనో ప్రభుత్వ జూనియర్ కాలేజీలో చదివిన పిల్లతో వాళ్లు అదే స్థానిక కోటాలో పోటీ పడితే నష్టం ఎవరికి? ఇక్కడ చదివినవాళ్లు ఇక్కడే వైద్యం చేస్తారన్న ఆశ కూడా దీని వెనక ఉంది. ఈ వాదంలో సగం నిజం. ఆ పిల్లకు రక్షణ కావాల్సిందే. అయితే నాలుగేళ్ల చదువు నియమం ఆ రక్షణ ఇవ్వడం లేదు. హైదరాబాద్‌లో లక్షల ఫీజు కట్టి కార్పొరేట్ కాలేజీలో చదివినవాడు ఈ నియమం ముందు నిఖార్సయిన లోకల్. అచ్చంపేట పిల్ల అతనితో పోటీ పడాల్సిందే. పేద పిల్లకు మేలు చేయాలనుకుంటే ఆ ప్రశ్న సూటిగా అడగవచ్చు. తమిళనాడు అడిగింది. ప్రభుత్వ బడుల్లో చదివినవారికి వైద్య సీట్లలో 7.5 శాతం కేటాయిస్తూ 2020లో చట్టం చేసింది, 2022 ఏప్రిల్‌లో మద్రాసు హైకోర్టు దాన్ని సమర్థించింది. పుదుచ్చేరి కూడా 2023లో ప్రభుత్వ బడుల పిల్లలకు 10 శాతం అమలులోకి తెచ్చింది. పల్లెల్లో పనిచేసే వైద్యులు కావాలనుకుంటే సీటుతోపాటు సేవా బాండు రాయించుకోవచ్చు. చదివిన చోటును అడిగి, దాన్నుంచి పేదరికాన్నీ సేవాభావాన్నీ ఊహించుకోవడం దేనికి?

పైగా ఈ నియమానికి ఇచ్చిన మినహాయింపులు చూస్తే బాధ కలుగుతుంది. రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులు, అఖిల భారత సర్వీసుల అధికారులు, సైనిక, పారామిలటరీ బలగాల్లో పనిచేసేవారు రాష్ట్రం బయట పనిచేస్తే వాళ్ల పిల్లలకు వెసులుబాటు ఇస్తామని సుప్రీంకోర్టు ముందు ప్రభుత్వం చెప్పింది. న్యాయమే. కాదనేవారు ఉండరు. కానీ పాలమూరు నుంచి ముంబైకి వలసపోయిన కూలీ సంగతి? భివండీ మరమగ్గాల మీద తరాల తరబడి బతుకుతున్న తెలుగు నేతకార్మికుల సంగతి? వాళ్లను బదిలీ చేసింది కరువు. దానికి ట్రాన్స్‌ఫర్ ఆర్డరు ఉండదు. ఉద్యోగి బిడ్డకు దొరికిన మినహాయింపు వలస కూలీ బిడ్డకు దొరకకపోతే, పేదలను కాపాడటానికే ఈ నియమమన్న వాదం నిలవదు. ఆ బిడ్డ వైద్య సీటు దాకా రావడమే అరుదు. వచ్చిన ఒక్కరినైనా ఆదుకోవాల్సింది సొంత రాష్ట్రమే.

సమయం సంగతి మరీ ముఖ్యం. ఆట మొదలయ్యాక నియమాలు మార్చరాదన్న సూత్రం 2008లో మన ఆంధ్రప్రదేశ్ జిల్లా న్యాయమూర్తుల ఎంపిక కేసులోనే సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. ఉద్యోగ నియామకాల విషయంలో 2024 నవంబర్ 7న అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం దాన్ని మళ్లీ నిలబెట్టింది: ప్రక్రియ మొదలైనప్పుడు ప్రకటించిన అర్హతలను, ముందున్న నియమాలు అనుమతిస్తే తప్ప, మధ్యలో మార్చకూడదు. వైద్య విద్య ప్రవేశంలో ఆట ఎప్పుడు మొదలవుతుంది? కౌన్సెలింగ్ నోటిఫికేషన్ రోజునా, నీట్ రోజునా? నియమమే నాలుగేళ్ల చదువు అడుగుతున్నప్పుడు ఆట తొమ్మిదో తరగతిలో చేరిన రోజే మొదలైనట్టు. 2024లో నీట్ రాసిన పిల్లలు తొమ్మిదిలో చేరింది 2020లో. పదేళ్ల గడువు 2024 జూన్ 2న ముగుస్తుందని 2014 చట్టంలోనే రాసి ఉంది. ఆ తరవాత ఏం చేస్తారో 2020లో చెప్పడానికి ఏ ప్రభుత్వానికీ అడ్డం లేదు. చెప్పి ఉంటే ఏ తల్లికీ కోర్టు మెట్లు ఎక్కాల్సిన పని ఉండేది కాదు. పిల్లను ఇంటర్‌కి వరంగల్‌లోనో హైదరాబాద్‌లోనో చేర్చేది.

కొందరు అంటారు, అన్యాయం జరిగితే కోర్టులు చూసుకుంటాయని. చూసుకున్న తీరు చూడండి. మినహాయింపు దక్కింది హైకోర్టు దాకా వెళ్లిన 135 మందికి. అదే మార్కులు, అదే చదువు, అదే నష్టం ఉండి, హైదరాబాద్‌లో లాయరును పెట్టుకునే స్తోమతు లేకనో, జీవోలో రాసింది రాత అనుకునో ఇంట్లోనే ఉండిపోయినవాళ్లకు ఆ మినహాయింపు లేదు. అర్హత నియమం మీద పోరాటం కౌన్సెలింగ్ క్యాలెండర్‌తో పరుగు పందెం. ఈ కేసులో తుది మాట రావడానికి పట్టింది ఏడాది పైనే. ఆ లోపు ఒక బ్యాచ్ మొదటి సంవత్సరం చివరికి వచ్చేసింది. ఆంధ్రప్రదేశ్‌కు చెందిన ఒక విద్యార్థిని కేసులో 2019 డిసెంబర్ 13న ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం, తన తప్పు లేకుండా సీటు పోగొట్టుకుని వెంటనే కోర్టుకొచ్చిన ప్రతిభావంతులకు గడువు దాటిన నెలలోపు అదనపు సీటు గాని, కుదరకపోతే మరుసటి ఏడాది సీటు గాని ఇప్పించవచ్చని, పరిహారం కూడా ఇవ్వవచ్చని చెప్పింది. గొప్ప ఊరట. అయినా అది వెంటనే కోర్టుకు రాగలిగినవారికే. నియమం తప్పుగా ఉంటే అందరికీ తప్పుగానే ఉంటుంది. ఊరట మాత్రం తలుపు తట్టినవారికే దక్కుతుంది.

మరో అభ్యంతరం అధికారుల నుంచి వస్తుంది. నివాస ధ్రువపత్రం తహసీల్దారు ఆఫీసులో ఎలాగైనా సంపాదించవచ్చు, స్టడీ సర్టిఫికెట్ అలా కాదు, అందుకే చదువును చూస్తున్నాం అంటారు. ఇందులో పస ఉంది, దానికి పుదుచ్చేరే సాక్ష్యం. ఇక్కడ నివాసంతో ఒక సీటుకు, తమిళనాడులో నేటివిటీతో మరో సీటుకు దరఖాస్తు చేస్తున్నారని, రెండు ప్రభుత్వాల మెరిట్ జాబితాల్లోనూ ఒకే పేర్లు కనిపిస్తున్నాయని ఇక్కడి తల్లిదండ్రుల సంఘాలు ఏళ్లుగా మొత్తుకుంటున్నాయి. గోరిమేడులోని కేంద్ర వైద్య సంస్థ జిప్‌మర్‌లో పుదుచ్చేరి వాసుల కోటా సీట్లు ఉన్నాయి గనక ఈ కాగితం విలువ మామూలుది కాదు. తెలుగు రాష్ట్రాల్లో బిడ్డకు ఒక్క చోటూ దొరకకపోవడం, పుదుచ్చేరిలో ఒకే బిడ్డకు రెండు చోట్లు దొరకడం ఒకే జబ్బుకు రెండు లక్షణాలు. ఒక ప్రభుత్వం తన నియమం రాసేటప్పుడు పక్క ప్రభుత్వం నియమంతో పోల్చి చూసుకోకపోవడమే ఆ జబ్బు. ఇప్పుడు బడి పిల్లలకు యూడైస్ కింద శాశ్వత విద్యా సంఖ్య ఉంది, అపార్ ఐడీ వచ్చింది. ఏ ఏడాది ఏ బడిలో చదివారో ఆ రికార్డే చెబుతుంది. ఆ వివరాలు పక్కపక్కన పెడితే దొంగ కాగితమూ బయటపడుతుంది, ఎక్కడా చోటు లేని బిడ్డా కనిపిస్తుంది.

తెలుగు రాష్ట్రాలు రెండింటికీ 371డి ఇప్పటికీ వర్తిస్తుంది. రాష్ట్రపతి ఉత్తర్వును సవరించే దారి తెరిచే ఉంది. ఆఖరి ఏడేళ్లలో ఎక్కువ కాలం ఎక్కడ చదివితే అక్కడి స్థానికుడన్న పాత నిబంధనను రెండు రాష్ట్రాలకు కలిపి వర్తించేలా తిరిగి తెస్తే, విజయవాడలో ఇంటర్ చదివిన తెలంగాణ పిల్లకు, హైదరాబాద్‌లో ఇంటర్ చదివిన రాయలసీమ పిల్లకు ఒకే రోజు న్యాయం జరుగుతుంది. దీనివల్ల ఏ రాష్ట్రం 85 శాతమూ తగ్గదు. ముఖ్యమంత్రులిద్దరూ కలిసి కేంద్రానికి ఒక ఉత్తరం రాస్తే మొదలయ్యే పని ఇది. వలస కార్మికుల పిల్లలను మినహాయింపుల్లో చేర్చడానికి ఆ ఉత్తరం కూడా అక్కర్లేదు, తెలంగాణ ప్రభుత్వం ఒక జీవో ఇస్తే చాలు. ఇక ముందు ఏ నియమం మార్చినా ఆ ఏడాది తొమ్మిదిలో చేరే పిల్లల నుంచే వర్తింపజేస్తామని రెండు శాసనసభలూ చట్టంలో రాయాలి. సెంటాక్, తమిళనాడు వైద్య విద్యా సంచాలక కార్యాలయం మెరిట్ జాబితాలు విడుదల చేసే ముందు పరస్పరం సరిచూసుకోవాలి.

ఇవన్నీ జరిగేదాకా తల్లిదండ్రులకు ఒక మాట. వచ్చే జూన్‌లో బిడ్డను సరిహద్దు అవతలి బడిలోనో కాలేజీలోనో చేర్చే ముందు, ఫీజు అడిగిన నోటితోనే మీ రాష్ట్రపు తాజా స్థానికత నియమం ఏమిటో అడగండి. ఆ రాష్ట్ర వైద్య విశ్వవిద్యాలయం విడుదల చేసిన గత ఏడాది ప్రాస్పెక్టస్ తెచ్చుకుని చదవండి. ఆరో తరగతి నుంచి ప్రతి ఏడాది స్టడీ సర్టిఫికెట్టు తీసుకుని దాచండి. నియమం అర్థం కాకపోతే సమాచార హక్కు చట్టం కింద రాతపూర్వకంగా అడగండి, జవాబును భద్రపరచండి. నియమం మధ్యలో మారితే, పక్కింటి పిల్లకు న్యాయం జరిగిందని ఊరుకోకుండా, మీ బిడ్డ పేరుతో గడువులోపే పిటిషన్ వేయండి.